ఈ విలన్‌కి పిల్లనెవరిస్తారు?

క్యూలో చేరాలంటే ముందు "ఆఖరు ఎవరండీ?" అని అడగాలి. అడక్కుండా నిలబడ్డవాడు వోల్గా ఒడ్డున మా సరాతోవ్ పట్నంలో దొంగతో సమానం. ఆ రోజు ఆసుపత్రిలో, అడగడానికి నాకు గొంతు లేదు.

నిజంగానే లేదు. ముందురోజు రిహార్సల్లో అరిచి అరిచి, వానలో తడిసి ఇంటికొచ్చి పడుకున్నాను. పొద్దున లేచి నోరు తెరిస్తే తుప్పు పట్టిన తలుపు కిర్రుమన్నట్టు ఒక చప్పుడు. అంతే. వారం తిరిగేసరికి మా డ్రామా థియేటర్లో కొత్త నాటకం. అందులో హీరోని నేనే. నటుడికి గొంతు పోవడమంటే బండికి గుర్రం పోవడమే.

బెంచీల మీద ముసలమ్మలు వరసగా కూర్చున్నారు. నేను వేలు గాల్లో తిప్పి, కనుబొమ్మలు ఎగరేసి, "ఆఖరు ఎవరు?" అని సైగ చేశాను. పూల రుమాలు కట్టుకున్నావిడ నా మొహం వంక తేరిపార చూసి పక్కావిడని మోచేత్తో పొడిచింది.

"ఏయ్, వాడే కదూ?"

"ఎవడే?"

"అదే, టీవీలో! ఊరు తగలబెట్టించినవాడు!"

"అమ్మో! వాడే! మన ఆసుపత్రికే వచ్చాడా, సిగ్గు లేకుండా?"

"రానీ. కూర్చోనీ. మనందరి తర్వాతే పోతాడు లోపలికి."

నా కథ కొంచెం చెప్పాలి. పేరు జఖార్ లున్యోవ్. అప్పటికి నాకు ముప్ఫై. స్టేజీ మీద ప్రేమికుల వేషాలు, అమాయకుల వేషాలు వేసేవాణ్ణి. జనం నవ్వేవాళ్ళు. అంతకు రెండేళ్ళ ముందు మాస్కో నుంచి సినిమావాళ్ళొచ్చారు. కోల మొహం, లేత రంగు కళ్ళు, పొడుగు చుబుకం. నన్నలా చూసి డైరెక్టర్ "ఇతనికి ఆ టోపీ పెట్టండి" అన్నాడు. జర్మన్ ఆఫీసర్ టోపీ పెట్టారు. పక్కనున్నవాళ్ళు ఒక అడుగు వెనక్కి వేశారు. వేషం నాదైపోయింది.

ఆ యుద్ధం సినిమాని నాలుగు భాగాలుగా టీవీలో వేశారు. దేశమంతా చూసింది. అప్పట్నుంచీ రొట్టెల కొట్లో నాకు మాడిన రొట్టే వస్తుంది. పిల్లలు మంచుముద్దలతో కొడతారు. వోల్స్క్ పట్నం నుంచి మా అమ్మ ఫోన్ చేసి, "పక్కింటావిడ నాతో మాట్లాడ్డం మానేసిందిరా" అంది. మా నాన్న నేను పుట్టకముందే జర్మన్లతో యుద్ధంలో పోయాడు. అందుకే ఆ మాట నాకు లోపలెక్కడో గుచ్చుకుంది.

సరే, ఆసుపత్రి. ముసలమ్మలందరూ అయ్యారు. కొత్తవాళ్ళొచ్చారు, వాళ్ళూ నాకంటే ముందే వెళ్ళారు. చివరికి తలుపు తెరుచుకుని తెల్లకోటు అమ్మాయి తల బయటికి పెట్టింది. నుదుటి మీద గుండ్రటి అద్దం. దాని కింద రెండు గోధుమరంగు కళ్ళు.

"మీరు పొద్దున్నుంచీ ఇక్కడే ఉన్నారు కదూ?"

తల ఊపాను.

"వాడికి తొందరేం లేదు డాక్టరమ్మా!" అంది ఒకావిడ.

"నాకుంది. రండి లోపలికి."

కుర్చీలో కూర్చోబెట్టి నోరు తెరవమంది. అద్దంలోంచి వెలుగు నా గొంతులోకి పడింది. ఆవిడ "ఊఁ... ఊఁ..." అంటూ లోపలికి చూస్తోంది. నేను ఆవిడ కనురెప్పలు చూస్తున్నాను. ఇంత దగ్గరగా ఒక ఆడపిల్ల నన్ను చూస్తూ కూడా భయపడకపోవడం, ఆ సినిమా టీవీలో వచ్చాక అదే మొదలు.

"ఏం పని చేస్తారు? టీచరా?"

కాదన్నట్టు తల ఊపాను.

"మార్కెట్లో అరుస్తారా?"

కాదు. లేచి నిలబడి చెయ్యి గుండె మీద పెట్టుకున్నాను. కళ్ళు పైకెత్తాను. తూలాను. కుర్చీ పట్టుకుని నెమ్మదిగా వాలిపోయాను. ఇంతకంటే స్పష్టంగా 'నటుణ్ణి' అని ఎలా చెప్పాలి?

ఆవిడ ఒక్క గెంతులో వచ్చి నా మణికట్టు పట్టుకుంది. "గుండెజబ్బా? ముందే చెప్పద్దూ!"

కంగారుగా కిటికీలోంచి ఎదురుగోడ మీది మా థియేటర్ పోస్టర్ చూపించాను. ఆవిడ పోస్టర్ చూసింది, నన్ను చూసింది, మణికట్టు వదిలేసింది.

"ఓహో, ఆర్టిస్టు! అయితే కష్టమే. మీవాళ్ళు చెప్పిన మాట వినరు. వినండి బాగా. వారం రోజులు మాట్లాడకూడదు. గుసగుస కూడా వద్దు. అరుపుకంటే గుసగుస చెడ్డది. రోజూ వచ్చి మందు పూయించుకోవాలి. మాట్లాడారో, ఇక జీవితాంతం మూకాభినయమే."

తలుపు మీద పేరుంది: తయిసియా యెగొరొవ్నా. బయటికి రాగానే, తన పని ఎప్పుడో అయినా కదలకుండా కూర్చున్న పూల రుమాలావిడ పక్కావిడని ఆశగా అడిగింది: "ఏమందట? బతుకుతాడా?"

*

మాట్లాడనివాడి దగ్గర జనం ఎంత మాట్లాడతారో నాకు ఆ వారమే తెలిసింది.

తయిసియా మందు పూస్తూ చెప్పేది. అమ్మానాన్నా ఉత్తరాదిన గనుల పట్నంలో పనిచేస్తారట, రెండేళ్ళకోసారి వస్తారట. తనని పెంచింది అమ్మమ్మట. డాక్టరై ఏడాదే అయిందట, రోజూ ఎవరి గొంతులోనో ఏదో చూడకుండా వదిలేశానేమోనని భయమట. నేను తల ఊపేవాణ్ణి, కళ్ళు పెద్దవి చేసేవాణ్ణి. డ్యూటీ అయ్యాక ట్రాలీబస్సు దాకా దింపేవాణ్ణి. ఆ అక్టోబర్లో వాన ఆగితేనే వింత. గొడుగు ఒక్కటే, అది తనది. నా భుజం సగం తడిసేది, తన భుజం సగం.

హాస్టల్లో నా గదిలో ఉండే ఫిల్యా మా థియేటర్లో కమెడియన్. బయట కూడా అంతే.

"నోరు మూసుకుంటే నువ్వు ఆడపిల్లలకి నచ్చుతావురా జఖార్! ముప్ఫై ఏళ్ళుగా ఎవరూ ఈ సంగతి నీకు చెప్పలేదు చూడు. ఆ గొంతు బాగుచేయించుకోకు, నా మాట విను."

నేను దిండు విసిరాను. కానీ భయం నాకూ అదే. గొంతు వచ్చాక నేనేమవుతాను? ఇంకోటి, ఆ సినిమా. ఆ అమ్మాయికి టీవీ చూసే తీరికే లేదు. చూసినరోజు?

ఏడోరోజు అద్దం పైకి తోసి, "బావుంది. ఏదైనా అనండి" అంది.

ఎన్నో అనుకుని వచ్చాను. నోరు తెరిస్తే వచ్చింది ఒక్కటే, దగ్గరివాళ్ళు తనని పిలిచే ముద్దుపేరు.

"తాయా."

చెవులదాకా ఎర్రబడింది. "పేషెంట్లు నన్ను తయిసియా యెగొరొవ్నా అంటారు."

"నేను బాగైపోయానుగా. ఇంకా పేషెంట్‌నా?"

"అయ్యో, మాట్లాడకుండా ఉన్నప్పుడే బావున్నారు మీరు." నవ్వింది.

ఇక దాచలేక చెప్పేశాను. "మీకో సంగతి తెలియాలి. నేను ఒక సినిమాలో..."

"ఫాసిస్టు. తెలుసు. మొదటిరోజు మీరటు వెళ్ళగానే క్యూలో మామ్మలు చెప్పారు. 'మత్తివ్వకుండా కోసేయ్ డాక్టరమ్మా' అని సలహా కూడా ఇచ్చారు." దూదిపుల్ల చెత్తబుట్టలో పడేసింది. "అయితే ఏమిటి? నేను గొంతు చూశాను. మామూలు గొంతే."

ఆ సాయంత్రం ట్రాలీబస్సులో నేను ఒక్కడినే నవ్వుకుంటూ కూర్చుంటే ఎదుటి సీటు ఖాళీ అయిపోయింది. నేను నవ్వితే జనానికి ఇంకా భయం.

తాయా నాటకానికి వచ్చింది. మూడో వరసలో కూర్చుని, నేను బీరువాలో ఇరుక్కునే సీన్లో కళ్ళనీళ్ళు తుడుచుకుంటూ నవ్వింది. అయిపోయాక మేకప్ గది గుమ్మం దగ్గర నిలబడి, "ఆదివారం మా ఇంటికి రా. అమ్మమ్మ చేపలు పెట్టి పై రొట్టె చేస్తుంది" అంది. 'మీరు' ఎక్కడ జారిపోయిందో ఇద్దరం గమనించనట్టే ఊరుకున్నాం.

*

ఆదివారం పూలు కొన్నాను, చామంతులు. సరిసంఖ్యలో పూలు శవానికి పెడతారు గనక దారంతా లెక్కపెడుతూనే ఉన్నాను. ఒక పువ్వు తుంచితే? అయ్యో, ఇప్పుడు సరి అయిందా బేసి అయిందా? నాలుగో అంతస్తు చేరేసరికి చెమట. టై సర్దుకున్నాను. మొహానికి ఏం చెయ్యాలో మాత్రం తెలియలేదు. అద్దంలో ఎన్నోసార్లు ప్రయత్నించాను, మెత్తగా కనబడాలని. నా మొహం మెత్తబడదు.

తలుపు అమ్మమ్మే తీసింది. ఉస్తిన్యా ప్రోఖరొవ్నా. పిట్టంత మనిషి, చేతులకి పిండి, మొహం నిండా నవ్వు. "రా నాయనా, రా..."

ఆ నవ్వు నా కళ్ళముందే ఆగిపోయింది. పెదాలు అలాగే ఉన్నాయి, రంగు మాత్రం పోయింది. తలుపు మెల్లగా, చాలా మెల్లగా మూసేసింది. గడియ పడిన చప్పుడు వినబడింది.

దభాలున వేసినా బావుండేది.

లోపల తాయా గొంతు వినబడింది. మెట్ల మీద పూలు పట్టుకుని నిలబడ్డాను. చాలాసేపటికి తాయా వచ్చి, నా పక్కన మెట్టు మీద కూర్చుంది.

"పక్కింట్లో చూసిందట ఆ సినిమా. నాకు చెప్పలేదు. నాకసలు తెలీదు జఖార్."

"నేను వెళ్ళిపోతాను."

"కూర్చో. చెప్పనీ." చేతులు ఒళ్ళో ముడుచుకుంది. "యుద్ధంలో వాళ్ళు స్మొలెన్స్క్ దగ్గర పల్లెలో ఉండేవాళ్ళు. అమ్మకి అప్పుడు పన్నెండేళ్ళు. జర్మన్లు ఊరు అంటించిన రోజు అమ్మని తీసుకుని బంగాళాదుంపల గోతిలో దాక్కుంది అమ్మమ్మ. అమ్మమ్మ చెల్లెలు, ఆ చెల్లెలి పిల్లలు ఇంట్లోనే ఉండిపోయారు. గోతి మూత సందులోంచి అంతా చూసింది."

నేను చామంతుల కాడలు నలుపుతున్నాను.

"సినిమాలో నువ్వు ఆవలిస్తావట కదా, ఇళ్ళు తగలబడుతుంటే? అక్కడ లేచి ఇంటికొచ్చేసిందట. ఆ రోజు ఏమీ తినలేదని పక్కింటావిడ ఇప్పుడు చెప్తోంది."

లోపల్నుంచి పై రొట్టె మాడుతున్న వాసన వచ్చింది. ఎవరూ తీసినట్టు లేదు. తాయా గబుక్కున లేచి లోపలికి పరిగెత్తింది. నేను పూలు గుమ్మం ముందు పెడదామనుకుని, శవం ముందు పెట్టినట్టుంటుందేమోనని భయపడి, చేత్తో పట్టుకునే దిగిపోయాను.

*

మంగళవారం థియేటర్ వాచ్‌మన్ గదికి మాస్కో నుంచి ఫోన్ వచ్చింది. పెద్ద సినిమా. పెద్ద వేషం. కథంతా అతని చుట్టూనే తిరుగుతుందట. ఆ అతను జర్మన్ ఆఫీసరట.

ఇలాంటి ఫోన్ కోసం మా ఊరి నటులు జుట్టు నెరిసేదాకా ఎదురుచూస్తారు. "థాంక్సండీ, నాకు కుదరదు" అన్నాను. ఫోన్ పెట్టేశాను.

ఫిల్యా నా చొక్కా పట్టుకుని ఊపాడు. "పిచ్చెక్కిందా? మాస్కోరా! మాస్కో! నన్ను పిలిస్తే గోడకానించిన చీపురు వేషమైనా వేస్తాను!"

"తాయాకి చెప్పకు."

"నేనా? నా నోరు బావిలాంటిది."

మర్నాడు వోల్గా గట్టు మీద తాయా కలిసినప్పుడు తెలిసింది, ఆ బావికి అడుగు లేదని. నది బూడిదరంగులో ఉంది. చినుకులు అడ్డంగా కొడుతున్నాయి. గొడుగు తన చేతిలోనే ఉంది కానీ తెరవలేదు.

"మాస్కో వద్దన్నావా?"

"అన్నాను."

"నా కోసమేనా?"

"మీ అమ్మమ్మ కోసం. నీ కోసం కూడా."

"నేనడిగానా? అమ్మమ్మ అడిగిందా?" గొంతు పెరిగింది. "రేపు కూరలో ఉప్పు ఎక్కువైతే 'నీకోసం మాస్కో వదులుకున్నాను' అంటావు. అనకపోయినా అలా చూస్తావు. ఆ బరువు నా నెత్తిన ఎందుకు పెడతావు?"

"మరి నన్నేం చెయ్యమంటావు? వేస్తే మీ ఇంటి తలుపు తెరుచుకోదు. మానేస్తే నీకు కోపం!"

"నాకేం తెలుసు? నేను గొంతు డాక్టర్ని. దవడ కింద నుంచి ఇక్కడిదాకా తెలుసు. తక్కినదంతా నువ్వే చూసుకో!"

ట్రాలీబస్సు వచ్చింది, ఎక్కేసింది. తడిసిన కిటికీ వెనక తన మొహం కాసేపు కనబడింది. ఏడుస్తోందో, అద్దం మీద నీళ్ళో తెలియలేదు.

తర్వాత రెండు రోజులు ఫోన్ చేస్తే "డాక్టరుగారు బిజీ" అన్నారు. గొంతు నొప్పి అని చెప్పి క్యూలో కూర్చున్నాను. నా వంతు వచ్చేసరికి పక్కగదిలో ముసలి డాక్టరు దగ్గరికి పంపారు. ఆయన పావుగంట చూసి "మీకేం లేదు" అన్నాడు. నాకేముందో ఆయన అద్దంలో కనబడదు.

*

శనివారం తాయావాళ్ళ వాకిట్లోకి క్యాబేజీ లారీ వచ్చింది. చలికాలానికి ఊరంతా క్యాబేజీ ఊరబెట్టే రోజులు. తాయా కనబడుతుందేమోనని నేను ఆ వీధిలో తచ్చాడుతున్నాను. కనబడింది అమ్మమ్మ. గోనెసంచీని మెట్ల మీద ఒక్కో మెట్టూ ఈడుస్తోంది.

ఆలోచించలేదు. వెళ్ళి సంచీ భుజానికెత్తుకున్నాను. ఆవిడ తలెత్తి చూసింది.

"దించు."

"పైదాకా తెచ్చిపెట్టి వెళ్ళిపోతాను అమ్మమ్మగారూ."

"నీకు నేను అమ్మమ్మని కాదు."

"సరేనండీ. కానీ ఇది మీరు మొయ్యలేరు."

నేను ముందు, ఆవిడ వెనక. నా వీపు మీద ఆవిడ చూపు సంచీకంటే బరువుగా ఉంది. వంటింట్లో సంచీ దించి, నమస్కారం పెట్టి, గుమ్మం వైపు తిరిగాను.

"చేతులు కడుక్కో" అంది వెనక నుంచి.

కడుక్కున్నాను. నా ముందు క్యారెట్లు, తురుము పీట పెట్టింది. తను పెద్ద కత్తి తీసి ఎదురుగా కూర్చుంది. కర్, కర్, కర్. క్యాబేజీ దారాల్లా పడుతోంది. ఆ కత్తి వేగం చూస్తుంటే నాకు క్యారెట్‌తో పాటు నా వేళ్ళూ తురుమైపోతాయేమో అనిపించింది.

"ఆ ఆవలింత" అంది హఠాత్తుగా, తలెత్తకుండా. "ఎవరు నేర్పారు నీకు?"

గొప్పగా ఏదైనా చెప్పచ్చు. పాత్రలోకి వెళ్ళాననో, పుస్తకాలు చదివాననో. నోరు రాలేదు.

"ఎవరూ నేర్పలేదండీ. ముందు రాత్రి నాకు నిద్ర పట్టలేదు. మా నాన్న యుద్ధంలో పోయాడు, ఆ యూనిఫాం ఒంటిమీద వేసుకోవాలంటే చేతులు రాలేదు. తెల్లవారగానే సెట్లో ఇళ్ళు అంటించారు. ఒక్కసారే కాల్చగలరు, మళ్ళీ తియ్యడం కుదరదు. కెమెరా తిరుగుతోంది, నాకు ఆవలింతొచ్చింది. ఆపుకోలేకపోయాను. సీన్ పాడుచేశాను, నన్ను తరిమేస్తారనుకున్నాను. డైరెక్టరేమో అదే ఉంచేశాడు."

కత్తి ఆగింది.

"వాడూ ఆవలించాడు" అంది ఉస్తిన్యా ప్రోఖరొవ్నా.

నేను తురుము పీట కింద పెట్టాను.

"సినిమాల్లో వాళ్ళెప్పుడూ అరుస్తుంటారు. కళ్ళు తిప్పుతారు. మా ఊరొచ్చినవాడు అరవలేదు. స్టూలు తెప్పించుకుని కూర్చున్నాడు. వాడి వెనక మా చెల్లెలి ఇల్లు... వాడు నోటికి చెయ్యి అడ్డం పెట్టుకుని ఆవలించాడు. పని తొందరగా అయిపోతే పోయి పడుకుందామన్నట్టు." కొంగులాంటి ఏప్రాన్ అంచుతో చేతులు తుడుచుకుంది. తడి లేకపోయినా తుడుచుకుంటూనే ఉంది. "తర్వాత అడిగినవాళ్ళకల్లా చెప్పాను. ఎవరూ నమ్మలేదు. 'భయంలో పొరబడి ఉంటావు పిన్నీ' అన్నారు. ఏళ్ళు గడిచేసరికి నాకే అనుమానం పట్టుకుంది, నేనే కల్పించుకున్నానేమోనని. ఆ రోజు పక్కింట్లో కూర్చుని ఉన్నాను. టీవీలో నువ్వు ఆవలించావు."

"క్షమించండి..."

"దేనికి? నేను అబద్ధం చెప్పలేదని నువ్వేగా చెప్పావు, దేశమంతా వినేటట్టు." కళ్ళు తుడుచుకోలేదు. కారనిచ్చింది. "కానీ ఆ మొహం గుమ్మంలో చామంతులు పట్టుకుని నిలబడితే ఎలా ఉంటుంది చెప్పు? నాకూ కొంచెం టైం కావాలి కదా, నాయనా."

ఆ 'నాయనా' విన్నాక నా కళ్ళూ ఊరుకోలేదు. క్యారెట్ల మీదకి వంగాను.

"మాస్కో వద్దన్నావట?"

"ఆ సంగతి మీకెలా..."

"మీవాడు, గుండ్రంగా ఉంటాడు, ఆసుపత్రికొచ్చి తాయాకి చెప్పాడు, తాయా ఇంటికొచ్చి గిన్నెలకి చెప్పింది. నేను విన్నాను. ఫోన్ చెయ్యి వాళ్ళకి. నువ్వు వెయ్యకపోతే ఎవడో ఒకడు కళ్ళు తిప్పుకుంటూ అరుస్తాడు. వచ్చేతరం పిల్లలు అదే నిజమనుకుంటారు." కత్తి మళ్ళీ అందుకుంది. "నా ఇంట్లో మాత్రం ఆవలించకు."

అప్పుడే తలుపు తెరుచుకుంది. డ్యూటీ నుంచి వచ్చిన తాయా వంటింటి గుమ్మంలో నిలబడిపోయింది. అమ్మమ్మ ఏడుస్తోంది, నేను ఏడుస్తున్నాను, మధ్యలో క్యాబేజీ కొండ.

"ఎవరైనా పోయారా?" అంది భయంగా.

"ఉల్లిపాయలు" అన్నాను.

"క్యాబేజీలో ఉల్లిపాయలెందుకు? నేనింకా నీతో మాట్లాడ్డం లేదు."

"ఇప్పుడు మాట్లాడావుగా?"

"అది అమ్మమ్మతో."

*

మాస్కోకి ఫోన్ చేస్తే అవతలి మనిషి నిట్టూర్చింది. "మీరు వద్దన్నారు కదండీ, వేరేవాళ్ళని చూస్తున్నాం. రావాలంటే రండి, టెస్ట్ తీస్తాం. మాటివ్వలేం." మాటివ్వలేం అన్న మాటే చెవిలో గింగురుమంటుండగా గురువారం మధ్యాహ్నం రైలెక్కాను.

తాయా వస్తానని అనలేదు. రానని కూడా అనలేదు. ప్లాట్‌ఫాం చివరిదాకా చూసి చూసి మెడ పట్టేసింది. రైలు కదలబోతుండగా బోగీలోకి పరుగెత్తుకొచ్చింది, చేతిలో మూట.

"అమ్మమ్మ పై రొట్టెలు పంపింది. క్యాబేజీవి. వేడివేడిగా తిను. నేనింకా కోపంగానే ఉన్నాను. అది చెప్పిపోదామని వచ్చాను."

"తాయా, ఒక్క నిమిషం..."

"నిమిషం లేదు, దిగాలి."

బోగీ అటెండెంట్, నడివయసు లావుపాటావిడ, దారికి అడ్డంగా నిలబడింది. "టికెట్ ఏదమ్మా?"

"నేను ఊరెళ్ళట్లేదండీ."

"వెళ్తున్నావు తల్లీ. కిటికీలోంచి చూడు."

సరాతోవ్ స్టేషన్ వెనక్కి జారిపోతోంది. తాయా నోరు తెరిచింది, మూసింది. "రేపు పొద్దున నాకు డ్యూటీ ఉంది!"

"వచ్చే స్టేషన్ అత్కార్స్క్‌లో దిగి వెనక్కి ప్యాసింజర్ పట్టుకో. జరిమానా సంగతి తర్వాత చూద్దాం. ముందు కూర్చో, తూలి పడతావు."

అత్కార్స్క్ దాకా గంటన్నర పైనే. ఎదురెదురుగా కూర్చున్నాం. బయట తడిసిన పొలాలు, ఆకురాలిన బర్చ్ చెట్లు.

"వేషం రాకపోతే?" అన్నాను.

"వస్తే?" అంది తాయా. "వస్తే నువ్వు మాస్కోలోనే ఉండిపోతే?"

నేను తెల్లబోయాను. ఆ భయం నా లిస్టులోనే లేదు.

"ఆ రోజు గట్టు మీద ఎందుకు అరిచానో తెలుసా?" కిటికీ వైపు తిరిగి చెప్పింది. "నువ్వు వద్దన్నావని ఫిల్యా చెప్పగానే లోపల సంతోషం వేసింది. హమ్మయ్య, ఎక్కడికీ పోడు అని. నీకు అంత నష్టమైతే నాకు సంతోషమేమిటి? నా మీద నాకే అసహ్యం వేసి, నీ మీద అరిచాను."

"నువ్వు ముందే చెప్పి ఉంటే..."

"ఏమని? పేషెంట్‌కి డాక్టరు 'నాకు భయంగా ఉంది' అని చెప్పకూడదు."

"నేను పేషెంట్‌ని కాను."

"కావు. అదే భయం." చేతులు ముఖానికి అడ్డం పెట్టుకుని నవ్విందో ఏడ్చిందో. నేను ఆ చేతులు తీసి పట్టుకున్నాను. చల్లగా ఉన్నాయి. అటెండెంట్ టీ గ్లాసులు తెచ్చి, చూసి, గ్లాసులతోనే వెనక్కి వెళ్ళిపోయింది.

మాస్కోలో ఏమైందో ఇక్కడే చెప్పేస్తాను. వేషం వచ్చింది. తర్వాత ఇంకెన్నో వచ్చాయి, జర్మన్లవీ, జార్ కాలపు జనరళ్ళవీ. ముసలివాణ్ణయ్యాక ఎవరో దయతలచి తాత వేషం కూడా ఇచ్చారు. కానీ సరాతోవ్ థియేటర్ని నేను వదల్లేదు. షూటింగ్ అయిన మర్నాడే తిరుగు రైలు. ఇంటర్వ్యూల్లో "మీ జీవితంలో అన్నిటికంటే టెన్షన్ పడ్డ ఘడియ ఏది?" అని అడుగుతారు. మొదటి నాటకమో, మొదటి షాటో చెప్తానని ఎదురుచూస్తారు. నేను అత్కార్స్క్ అంటాను. వాళ్ళకి అర్థం కాదు.

అత్కార్స్క్‌లో రైలు కాసేపే ఆగింది. తాయా ప్లాట్‌ఫాం మీదకి దిగింది. చినుకులు. నేను తలుపు దగ్గర నిలబడ్డాను, అటెండెంట్ పక్కనే, చేతిలో జెండా. అడగాల్సిన మాట నాలుక చివర ఉంది, జారడం లేదు. వేల మాటలు కంఠతా పట్టినవాణ్ణి.

"తాయా... మరి... చలిగా ఉంది, కోటు గుండీ పెట్టుకో."

"పెట్టుకున్నాను."

"ప్యాసింజర్ ఎన్నింటికో కనుక్కో."

"కనుక్కుంటాను."

అటెండెంట్ విసుక్కుంది. "ఏమయ్యా, అడిగేదేదో అడిగెయ్! నాకు తలుపు వేసుకోవాలి."

రైలు ఒక్క కుదుపుతో కదిలింది. ఆ కుదుపుకే మాట ఊడిపడింది. "తాయా! నన్ను పెళ్ళి చేసుకుంటావా?"

తాయా రైలుతో పాటు నడిచింది, తర్వాత పరుగెత్తింది. తడిసిన జుట్టు మొహానికి అతుక్కుంది. ఏదో అంది. సరిగ్గా అప్పుడే ఇంజన్ పొడుగ్గా కూత వేసింది. తన పెదాలు కదలడం కనబడింది, మాట మాత్రం వినబడలేదు. ప్లాట్‌ఫాం అయిపోయింది. తను చివర నిలబడి చెయ్యి ఊపుతూ చిన్నదైపోయింది.

అటెండెంట్ వైపు తిరిగాను.

"ఏమంది? మీకు వినబడిందా? ఏమందండీ?"

"సరే అంది."

"సరే అందా, చూద్దాం అందా? రెంటికీ పెదాలు ఒకేలా..."

"ఇరవై ఏళ్ళుగా ఈ తలుపు దగ్గర నిలబడుతున్నానయ్యా. కూతలో మాట వినడం నాకు తెలుసు. 'సరే' అంది. రెండుసార్లు అంది." ధనామని తలుపు వేసి గొళ్ళెం పెట్టింది. "వెళ్ళి కూర్చో, మొహం పాలిపోయింది. టీ తెస్తాను. చక్కెర ఎంత?"

ఎంత చెప్పానో గుర్తులేదు. ఆవిడ తెచ్చిన టీ పాకంలా ఉంది. మొత్తం తాగేశాను.